బుంగ దగ్గర మనిషి

ఇసుక బస్తాలు ఏటిగట్టు మీదికి చేర్చాలి.

గేదెల్ని విప్పి మెరకకి తోలాలి.

బియ్యం డబ్బాలు అటకెక్కించాలి.

బాలింతగా ఉన్న కూతురు హేమకి వేణ్ణీళ్ళు కాచాలి.

అన్నిటికంటే ముందు, అవతలి ఒడ్డు వాళ్ళెవరూ మన గట్టెక్కకుండా కాపలా కాయాలి.

వశిష్ఠ గోదావరికి మూడో ప్రమాద హెచ్చరిక వచ్చిన ఉదయం, రాజోలు దగ్గరి ఆ ఊళ్ళో సత్తిరాజు అందరికీ పురమాయించిన పనులివి. చివరిది మాత్రం తనే పెట్టుకున్నాడు.

ఇవతలి గట్టుకి గండి పడితే అవతలి ఒడ్డున నీరు తగ్గుతుంది. అందుకే వరదొస్తే చాలు, రెండు ఒడ్ల వాళ్ళకీ ఒకరి మీద ఒకరికి అనుమానం.

సత్తిరాజు కాపలాకి గట్టెక్కేసరికి, ఊరివైపు వాలులో ఒక కొత్తమనిషి మోకాళ్ళ మీద కూర్చుని ఉన్నాడు. చేతిలో ఏదో మిషను. ధాన్యం కొనేచోట తేమ చూసే మిషనంత ఉంది. దాన్ని గట్టుకి ఆనించి, మీట మీద బొటనవేలు నొక్కిపెట్టాడు.

"ఎవరండీ తమరు?"

"ఇక్కడ గట్టుకి బుంగ పడిందండి, ఇటునుంచి అటు బొక్క. ఊరు ఖాళీ చేయించండి."

"నేనడిగింది అది కాదు. ఏ ఊరు?"

"అవతలి ఒడ్డు లంకండి."

సత్తిరాజు చేతిలో కర్ర బిగిసింది.

"మీ ఇల్లు నిలబడాలంటే మా గట్టు పోవాలి కదండీ?"

"ఆయ్, నిజమేనండి."

అంత మర్యాదగా ఒప్పుకునేసరికి సత్తిరాజుకి అనుమానం ఇంకా ముదిరింది.

"ఆ మిషనేంటి?"

"దీన్ని ఆనించినచోట కాలం ఆగిపోద్దండి. నీళ్ళని పట్టుకున్నాను. వేలు తీస్తే కదిలిపోతాయి."

"తేమ మిషను నమ్మి క్వింటాకింత అని కోత పెట్టించుకున్నాం. ఇప్పుడు కాలం మిషనొచ్చిందా!"

అప్పుడే సత్తిరాజు భార్య కామాక్షి ఫ్లాస్కుతో టీ పట్టుకొచ్చింది. వాలు దిగి, ఆ మనిషి పక్కకి వచ్చి, ఆగిపోయింది.

చెయ్యంత లావు నీటిధార బుంగలోంచి బయటికొచ్చి, నేల తాకకుండా గాలిలోనే నిలబడి ఉంది. దాని మధ్యలో ఓ మామిడాకు ఇరుక్కుని ఉంది. కామాక్షి వేలితో తాకింది. గాజు ముట్టుకున్నట్టుంది.

"ఏవండీ, ఇది చూసేరా?"

"చూసేను. తీర్థంలో ఇంతకన్నా పెద్ద మేజిక్కులు చూసేను."

"మేజిక్కైతే మేజిక్కు. పిల్లనీ పసిగుడ్డునీ తీసుకుని పోదాం పదండి."

"నీకేమైనా మతిపోయిందా? పచ్చి బాలింతని వానలోకి తెస్తావా? ఊరు ఖాళీ చేయించడమే కదా వీడికి కావలసింది! మనం అటెళ్తే ఇటు గండి కొట్టేస్తాడు."

కామాక్షి టీ ఫ్లాస్కు అక్కడే పెట్టేసింది.

"అయితే మీరు కాపలా కాయండి. నేను నా కూతుర్ని తీసుకుపోతాను."

ఆవిడ ఇంటింటి ముందూ అరుచుకుంటూ వెళ్ళింది. నమ్మినవాళ్ళు కొందరు, బాలింతే కదిలింది కదా అని కదిలినవాళ్ళు కొందరు. ఆటోలు, ట్రాక్టర్లు మెరక మీది హైస్కూలుకి బయల్దేరాయి.

సత్తిరాజు మాత్రం ఆ బొటనవేలినే చూస్తూ నిలబడ్డాడు.

కొత్తమనిషి మీట వదల్లేదు. రెండో చేత్తో మణికట్టు పట్టుకున్నాడు.

"ఇంకెవరైనా ఉన్నారాండీ?"

"నీకెందుకు?"

ఇంకో ట్రాక్టరు వెళ్ళాక మళ్ళీ అడిగాడు.

"ఇంకా ఉన్నారాండీ?"

"ఎందుకంత తొందర?"

చివరి ట్రాక్టరు మలుపు తిరిగిన చప్పుడు వినిపించింది. ఊళ్ళో కుక్క అరుపు కూడా లేదు. ఇంక గండి కొట్టడానికి వీడికి అడ్డెవరు?

"ఊరు ఖాళీ అయింది. ఇప్పుడు నొక్కుతావు కదా అసలు మీట!"

"అయ్యో, వద్దండి! మీరు ముందు పైకెక్కండి..."

సత్తిరాజు ఒక్క ఉదుటున మిషను లాగేశాడు.

ధార కింద పడింది. గట్టు పగిలింది.

ఆ మనిషి రెండు చేతులతో సత్తిరాజుని పైకి తోశాడు. తను ఎక్కలేదు.

హైస్కూల్లో తలలు లెక్కపెట్టుకున్నారు. అందరూ ఉన్నారు. హేమ ఒళ్ళో పసివాడు నిద్రపోతున్నాడు.

"అవతలి లంకోడు. గండి కొట్టి పారిపోయేడు," అన్నాడు సత్తిరాజు, తడిబట్టలతో.

"నేను ముందే అనుకున్నా," అన్నారు చాలామంది.

కామాక్షి మొగుడి వైపు చూసింది. ఆయన తల తిప్పుకున్నాడు.

వరద తీశాక ఒకావిడ పడవలో వచ్చింది. గండి దగ్గర నిలబడి, కనిపించినవాళ్ళనల్లా అడిగింది.

"మా ఆయన్ని చూసేరాండీ? చేతిలో మిషనుండాలి."

జనం గుమిగూడారు. "మీ ఆయనేనా ఈ పని చేసింది?" అని ఎవరో గద్దించారు. కామాక్షి వాళ్ళని ఆపి, ఆవిణ్ణి నీడకి తీసుకెళ్ళింది.

"మీ ఇల్లు ఎలా ఉందండీ?"

"లేదండి. ఏట్లో కలిసిపోయింది. ఏటా వరదకి మా ఇంటి కింద ఒడ్డు కోత పడకుండా ఆపేది ఆ మిషనేనండి."

"మరి ఈసారి?"

"మీ గట్టు కారతందని పడవోళ్ళు చెప్పేరు. మా లంకలో అందరం ముందే ఖాళీ చేసేసేం. మనకి పోతే ఇల్లే పోద్ది, అవతల ఊరు నిండా మనుషులున్నారు అని ఆయన మిషను పట్టుకొచ్చేసేరండి."

వెనకాలే వచ్చిన జనంలో సత్తిరాజు కూడా ఉన్నాడు.

"ఆయన పేరేంటండీ?" అంది కామాక్షి.

"మత్తయి అండి." ఆవిడ గండి వైపు చూసింది. "ఆయనుండగా గట్టెలా తెగిందండీ?"

సత్తిరాజు, మిషను లాగిన చేతుల్ని వెనక్కి పెట్టుకున్నాడు.

రాజోలు నుంచి ఏటిగట్టు మీదుగా వెళ్ళేటప్పుడు, మత్తయి అనేవాడు గండి కొట్టింది ఇక్కడేనని ఎవరైనా చూపిస్తే, మీరు వాళ్ళతో వాదించకపోయినా పరవాలేదు; సొంత ఇంటిని ఏటికి వదిలేసి వచ్చి, ఊరంతా దాటేదాకా ఆ నీళ్ళని పట్టుకున్న మత్తయిని మాత్రం ఒక్కసారి తలుచుకోండి.