తంగెళ్ళగడ్డకి ఆరో టేకు

నాకు అన్నిటికన్నా పెద్ద భయం ఒకటే. మా ఊరు నా తలలోంచి కూడా పోతుందేమోనని.

తంగెళ్ళగడ్డ ఇప్పుడు లేదు. గుట్టలు పేల్చి చదును చేసి సాఫ్ట్‌వేర్ కంపెనీలకి అద్దాల మేడలు కట్టారు. మా ఆయన జనార్దన్, మేనబావే, ఆ కంప్యూటర్ పని నేర్చుకునే సింగపూర్ వచ్చాడు. మా ఏడేళ్ళ కూతురు లతని మీ ఊరేదంటే, మేముండే పేట పేరు ఇక్కడివాళ్ళ యాసలో "బూన్ లే లా" అంటుంది.

అందుకే ఎయినో గారు మా బ్లాకు కింద కనబడి, మాయమైన పల్లెల మీద సినిమా తీస్తున్నానంటే ఇంటికి రమ్మన్నాను. ఫిన్లాండు ఆయన. డెబ్భై ఉంటాయి. కెమెరా ఒక్కరే మోసుకొచ్చారు.

మొదటి శనివారం గుమ్మంలో బూట్లు విప్పుతూ కాసేపు వంగే ఉండి, లేచి పేరు చెప్పుకున్నారు. అది వాళ్ళ మర్యాద కాబోలు అనుకున్నాను. మీ ఊరు ఎలా ఉండేదని ఇంగ్లీషులో అడిగారు. లత నాకు తెలుగులో, ఆయనకి ఇంగ్లీషులో చెబుతూ వచ్చింది. నేను తొమ్మిదో తరగతితో ఆపేసినదాన్ని. ఏనుగు పడుకున్నట్టుండే బండ, దాని నీడలో సీతాఫలాల గంపలు, విసుర్రాయి దగ్గర మా నాయనమ్మ పాట, అన్నీ చెప్పాను. పాట పాడాను కూడా. ఆయన కళ్ళు తుడుచుకున్నారు.

రెండో శనివారం మళ్ళీ వంగి బూట్లు విప్పారు. మళ్ళీ పేరు చెప్పారు. మళ్ళీ అదే అడిగారు.

"మమ్మీ, సేమ్ క్వశ్చన్ లా," అని లత విసుక్కుంది.

సినిమావాళ్ళు ఒక్క షాటే పదిసార్లు తీస్తారే అని సర్దిచెప్పాను. మూడో వారం, నాలుగో వారం, ఇంకాస్త బాగా చెప్పాను. నేను మరిచిపోయిన దిగుడుబావి కూడా గుర్తొచ్చింది. ఆయన మాత్రం ప్రతిసారీ మొదటిసారి విన్నట్టే కళ్ళు తుడుచుకునేవారు.

ఆరో శనివారం జనార్దన్ ఇంట్లో ఉన్నాడు. ఇప్పటిదాకా తీసింది చూపించమన్నాడు. ఎయినో గారు కెమెరా తెరిచారు. లోపల ఏమీ లేదు. సంచిలో క్యాసెట్లున్నాయి. ఒక్కదానికీ పైన ప్లాస్టిక్ కవరు చింపలేదు.

"సినిమా లేదు, గినిమా లేదు. ఆరు వారాల సంది నిన్ను ఆగం చేసిండు," అన్నాడు జనార్దన్ నాతో. ఆయన్ని ఇంగ్లీషులో ఏమేమో అన్నాడు.

నాకొచ్చిన ముక్కల్లో నేనూ అడిగాను. "మై సాంగ్ వేర్, సార్?"

ఆయన కెమెరా మూసి, క్యాసెట్లు సంచిలో సర్దుకున్నారు. తలుపు నేనే తీశాను. ఒట్టి కాళ్ళతో లిఫ్టు వైపు వెళ్ళిపోయారు.

మూడు రోజులైంది. బూట్లు గుమ్మంలోనే ఉన్నాయి. ఇవాళ పారేద్దామని చేతిలోకి తీసుకున్నాను.

ఈ చుట్టుపక్కల మీ తలుపు ముందుకి ఒక పొడుగాటి ముసలాయన ఒట్టి కాళ్ళతో వస్తే, దయచేసి లోపలికి పిలిచి, ఆయన పేరు ఎయినో అని ఆయనకి చెప్పండి, అది రాసుకున్న చీటీ ఈ ఎడమ బూటు లోపలే ఉండిపోయింది.