పచ్చచుక్క

పోశం దొరికిపోయింది పచ్చచుక్క వల్లే.

'ముచ్చట' అనే యాప్ అప్పుడే కొత్తగా వచ్చింది. రెండువేల పన్నెండు చివరి మాట. పైసా ఖర్చు లేకుండా కబుర్లు, ఫొటోలు పంపుకోవచ్చు. ఎవరైనా దాన్ని తెరిచి చూస్తుంటే వాళ్ల పేరు పక్కన పచ్చచుక్క వెలుగుతుంది. గోదావరిఖనిలో గని కార్మికుల క్వార్టర్ల లైనులో ముందు కుర్రాళ్లు వేసుకున్నారు. పక్క పక్క ఇళ్లలో ఉండి "తిన్నవా", "పన్నవా" అని ఒకరినొకరు అడగడానికి వాళ్లకదొక ఆధారం దొరికింది.

ఒకరోజు పొద్దున పదిన్నరకి పోశం భార్య దీప ఫోను తీస్తే మొగుడి పేరు పక్కన చుక్క వెలుగుతోంది. పోశానిది ఆ వారం మొదటి షిఫ్టు. బొగ్గుగనిలోకి అగ్గిపెట్టె, బీడీ ఎలా తీసుకెళ్లకూడదో ఫోనూ అంతే. పైనే వదిలేసి దిగాలి. షిఫ్టు మధ్యలో చుక్క వెలిగిందంటే మనిషి గనిలో దిగనట్టే. ఆ సాయంత్రం పోశానికి ఇంట్లో జరిగిన మర్యాద లైనంతా విన్నది.

నెల తిరిగేసరికి ఆ యాప్ లేని ఇల్లాలు లేదు. వంట చేస్తూ ఒక కన్ను పొయ్యి మీద, ఒక కన్ను చుక్క మీద.

లింగమూర్తికి ఇదంతా చూస్తే ఒళ్లు మండేది, నవ్వూ వచ్చేది. ఇరవయ్యారేళ్ల సర్వీసు అతనిది. నాగా అంటే ఎరగని మనిషని పేరు. డ్యూటీ ఎగ్గొట్టేవాళ్లను పురుగుల కంటే హీనంగా చూసేవాడు. రెండేళ్ల కిందట కాసిపేట వైపు గనికి బదిలీ అయింది. ఈ లైనువాళ్లు ఆ గనిలో ఒక్కరూ లేరు. పాత సర్వీసు కదా, ఎప్పుడూ మొదటి షిఫ్టే. తెల్లవారకముందే టిఫిన్ డబ్బాతో బస్సెక్కేవాడు. ఆ గనిదగ్గర స్నానాల గది ఉందంటూ, నాలుగు కావస్తుండగా మసి అంటని మొహంతో బస్సు దిగేవాడు.

అతని భార్య సారవ్వకి ఒక పట్టు ఉంది. ఆమె తమ్ముడు గనిలో పైకప్పు కూలి చనిపోయాడు. అప్పటినుంచి లింగమూర్తి గనిలోంచి పైకొచ్చి ఇంట్లో అడుగుపెట్టేదాకా ఆమె మెతుకు ముట్టదు. జ్వరమొచ్చినా అంతే. అతను వద్దని గట్టిగా ఏనాడూ అనలేదు. నలుగురిలో చెప్పుకోవడానికి బాగానే ఉండేది.

మగవాళ్లు ఊరుకుంటారా? నాగా పెట్టిన రోజు ఫోను ఆపేయడం నేర్చుకున్నారు. చుక్కలన్నీ ఆరిపోయాయి. ఇక యాప్ పని అయిపోయిందనుకుంటుండగా అందులోకి 'గనికన్ను' దిగింది.

ఎవరో తెలియదు. పేరు దొంగపేరు. పంపే ఫొటోలు మాత్రం నిజమైనవి. రాయమల్లు మంచిర్యాలలో మార్నింగ్ షో టికెట్ల దగ్గర. ఎల్లన్న స్టేషన్ వెనక పేకాటలో, పత్తాల ముందు. పోశం కమాన్‌పూర్ కల్లు కాంపౌండులో సీసాతో. అన్నీ వెనకనుంచి, దూరంనుంచి తీసినవే. కింద తేదీ, గంట. గనికన్ను ఫొటో కోసం జిల్లా మొత్తం ఆ యాప్ వేసుకుందని చెప్పుకున్నారు. క్యాంటీన్‌వాడి మీద అనుమానంతో అతని ఫోను నేలకేసి కొట్టారు కూడా.

పోశం ఫొటో గని మేనేజర్‌దాకా వెళ్లింది. అప్పటికే హాజరు మస్టర్లు తక్కువ, ఛార్జిషీటు ఇచ్చారు. దీప ఏడుస్తూ లింగమూర్తి దగ్గరికి వచ్చింది.

"కాకా, నీ మాటంటే పెద్దసార్లకు గౌరవం. ఒక్కసారి చెప్పరాదు? పిల్లలు ఆగమైతరు."

"పనిదొంగల కోసం నా నోరు ఖరాబు చేసుకోను బిడ్డా," అన్నాడు లింగమూర్తి. "మీ చిన్నమ్మను అడుగు, నేను ఒక్క నాగా పెట్టిన్నా?"

గుమ్మంలో నిలబడ్డ సారవ్వ లేదన్నట్టు తలూపింది. ఆ తల ఊపడంలో ఎంత గర్వమో. దీప కొంగుతో కళ్లు తుడుచుకుని వెళ్లిపోయింది. రెండు నెలలకు పోశం ఉద్యోగం పోయింది.

దాంతో ఆడవాళ్లు భయపడ్డారు. మొగుణ్ని నాలుగు తిట్టడం వేరు, నోటికాడి కూడు పోవడం వేరు. ఒక్కో ఇంట్లో యాప్ తీసేశారు. ఈలోగా దాన్ని మించిన యాప్‌లు వచ్చాయి. చివరికి 'ముచ్చట'వాళ్లే మే నెలాఖరుకి మూసేస్తున్నామని కబురు పెట్టారు. తెలంగాణ రాష్ట్రం వస్తున్న సంబరంలో దాని చావు ఎవరికీ పట్టలేదు.

లింగమూర్తికి మాత్రం ఆ చివరి రోజు మనసు ఆగలేదు. ఇంత ఘనకార్యం చేసి ఎవరికీ చెప్పుకోకపోతే ఎలా? నాలుగింటికి ఇంటికొచ్చి, అన్నం తిని చెయ్యి కడుక్కున్నాడు. సారవ్వ అప్పుడే తన కంచం ముందు కూర్చుంది.

"గనికన్ను ఎవరనుకుంటున్నవే? నేనే," అన్నాడు.

ఆమె నమ్మలేదు. అతను ఫోను తీసి ఒక్కో ఫొటో చూపిస్తూ, ఒక్కొక్కణ్ని తిడుతూ, కింద ఉన్న తేదీ, గంట చదివాడు. రాయమల్లు, పదకొండు. ఎల్లన్న, పన్నెండుంబావు. పోశం, పదింబావు. అరవై ఫొటోలకు పైగా ఉన్నాయి. ఒక్క పనిదొంగనూ వదల్లేదన్నాడు.

సారవ్వ కలిపిన ముద్ద కంచంలో అలాగే ఉంది.

"గివన్ని నువ్వు గనిల ఉన్న టైముల తీసినవే గదా," అంది సారవ్వ, "మరి నేను ఇన్నొద్దులు తినకుంట కూసున్నది ఎవని కోసం?"