మంత్రి మెచ్చిన సినిమా

పాతికేళ్ల కిందట, కొండల్ని పిండిచేసి అమ్ముకున్న ఒక కాంట్రాక్టరు బండారం బయటపెట్టిన డాక్యుమెంటరీతోనే ఆ దర్శకురాలికి పేరొచ్చింది. ఆ కాంట్రాక్టరు ఇప్పుడు మంత్రి. ఆమెకు జీవిత సాఫల్య పురస్కారం ఇచ్చేదీ ఆయనే. మొహం మీదే కడిగేద్దామని ఆమె వేదికెక్కింది.

ఆయన తన మెడలో పతకం వేస్తుంటే ఆమె అడిగింది: "నా సినిమా చూశారా?"

"ఎన్నిసార్లో, అమ్మా! ఊళ్లు ఖాళీ చేయించడం, అధికారుల్ని వణికించడం... ఒక్కటీ వదల్లేదు మీరు."

"సిగ్గనిపించలేదా?"

"సిగ్గెందుకూ? అప్పటిదాకా నేనెవరో పార్టీ పెద్దలకు తెలీదు. అది చూశాకే పిలిచి మరీ టికెట్టిచ్చారు."



ఆయన ఫొటోలకు నవ్వుతూనే గొంతు తగ్గించాడు. "మావాడు కూడా చేతికందొచ్చాడు తల్లీ. వాడిమీదా ఒకటి తీసిపెట్టండి."