పిట్టల తాత

"ఈ కొర్రలు కొనేవాళ్ళు తినడానికి కొంటున్నారా అమ్మాయీ, పిట్టలకు వేయడానికా?"

ఆమె కంప్యూటర్ మీంచి తలెత్తింది.

బల్లకు అవతల ఒక ముసలాయన నిలబడి ఉన్నాడు. చేతిలో ఆ వారం ధరల కాగితం.

అది ఆమె రాసిందే. ధాన్యం ధరల కేంద్రంలో ఆమె పని అదే. ఏ గింజకు ఏ దేశంలో ఎంత గిరాకీ ఉందో చూసి, ప్రతి సోమవారం ఒక పేజీ రాస్తుంది. అది అచ్చయి మార్కెట్ యార్డులకూ, ఫోన్లలో రైతులకూ వెళ్తుంది. ఏం విత్తాలో చాలామంది దాన్ని చూసే తేల్చుకుంటారు.

"ఎందుకైతే ఏంటి తాతగారూ? కొంటున్నారుగా," అంది.

"అక్కడే ఉందమ్మా తిరకాసు. మనిషి అలవాటైన తిండి ఓ పట్టాన మానడు. పిట్టలకైతే ఏది చవకైతే అదే వేస్తారు. పంజరంలో పిట్ట ఇదేంటని అడగదు కదా."

పక్క బల్ల గుమాస్తా కిసుక్కున నవ్వాడు.

ఆ రోజు నుంచి ఆఫీసులో ఆయన పేరు పిట్టల తాత అయిపోయింది.

సోమవారం వచ్చిందంటే ఆయనా వచ్చేవాడు. గుండీలు మెడదాకా పెట్టుకుని, ఎవరి పనికీ అడ్డం రాకుండా గోడవారగా నిలబడేవాడు. ఆమెకు తీరిక దొరికాక ఒకే ఒక్క ప్రశ్న అడిగేవాడు.

"మన సరుకు కొనే దేశంలో గోదాముల్లో పాత సరుకెంత ఉందమ్మా?"

ఇంకో వారం, "అక్కడ ఈసారి వానలెలా ఉన్నాయి?"

సగం ప్రశ్నలకు ఆమె దగ్గర జవాబు ఉండేది కాదు. తెలియదని చెప్పడానికి నామోషీ. చూసి చెబుతానని పంపేసేది. చూసేది కాదు.

మూడేళ్ళుగా కొర్రల ధర ఎగబాకుతూనే ఉంది. ఓడలకు ఓడలు పంపమని విదేశాల నుంచి కబుర్లు. కంప్యూటర్‌లో గీత కొండెక్కుతోంది. విత్తనాలు వేసే నెల రాగానే ఆమె రాసేసింది. "ధర ఇంకా పెరుగుతుంది. నిశ్చింతగా కొర్రలు వేసుకోవచ్చు."

మర్నాడు మంగళవారం. అయినా తాత వచ్చాడు.

"ఆ చివరి ముక్క తీసెయ్యి అమ్మాయీ."

"ఎందుకు తీయాలి?"

"మూడేళ్ళు ఆ కొనే దేశంలో కరువు. అందుకని మన దగ్గర కొన్నారు. ఈ ఏడు అక్కడ వాన పడింది. వాళ్ళ పంట వాళ్ళ చేతికొస్తే మన గింజ ఎవరిక్కావాలి? వద్దనమనడం లేదు. సగం పొలంలో వేసుకోమను, చాలు."

"లెక్కలన్నీ చూసే రాశాను తాతగారూ. ఈ వయసులో మీకెందుకివన్నీ? ఇంటి పట్టున ఉండండి."

"నీకు చెయ్యెత్తి దణ్ణం పెడతాను. ఆ ఒక్క ముక్క తీసెయ్యమ్మా."

నిజంగానే రెండు చేతులూ ఎత్తాడు. ఆఫీసంతా ఇటే చూస్తోంది. ఆమెకు తల కొట్టేసినట్టయింది.

వాచ్‌మన్‌ను పిలిచి, ఇకమీదట ఈయన్ను లోపలికి రానివ్వొద్దని చెప్పింది.

తర్వాత మూడు సోమవారాలు ఆయన గేటు బయటే నిలబడ్డాడు. కిటికీలోంచి కనబడుతుంటే ఆమె తలుపు వేసేసుకుంది.

నాలుగో సోమవారం రాలేదు. పీడ విరగడైందనుకుంది.

పంట చేతికొచ్చే వేళకు అవతల దేశంలో విరగపండిందన్న వార్త వచ్చింది. బేరాలు ఒక్కొక్కటే ఆగిపోయాయి. రెండు వారాల్లో ధర సగానికి పడింది. ఆ తర్వాత అడిగేవాడే లేడు. యార్డులో బస్తాలు వానకు తడిసి, కుట్ల సందుల్లోంచి మొలకలు పైకొచ్చాయి.

ఆమె మేనమామకు ఫోన్ చేసింది. తండ్రి లేని పిల్లని చదివించింది ఆయనే. ఎనిమిదెకరాల్లోనూ కొర్రలే వేశాడని అమ్మ చెప్పింది.

"ఎలా ఉన్నావు మావయ్యా?"

"ఉన్నానమ్మా. గొడ్లకు పెడుతున్నాను. అవి మాత్రం ఎంతని తింటాయి?"

"నేను రాసింది చూసే వేశావా?"



"నీ రాతదేముందిలే తల్లీ. నా రాత."

 ఫోన్ పెట్టేశాక ఆమె లేచి, వచ్చీపోయేవాళ్ళు సంతకం చేసే పుస్తకం తిరగేసి తాత చిరునామా పట్టుకుంది.

రెండు వీధుల అవతలే. మేడ వెనక ఒక రేకుల గది. తలుపుకు తాళం.

ఇంటావిడ దుప్పట్లు ఆరేస్తోంది.

"ఆయన పోయి రెండు నెలలు దాటిందమ్మా. ఊపిరితిత్తుల జబ్బు. మంచాన పడ్డా ఊరుకుంటేనా? లేపి నిలబెట్టండి, వెళ్ళాలి అనేవాడు. ఎక్కడికి బాబాయ్ అంటే, ఆ అమ్మాయికి ఇంకోసారి చెప్పి చూస్తాననేవాడు. ఏ అమ్మాయో ఏమో."

ఇంటావిడ ఆమెకేసి తిరిగింది.

"మీరు ఆయనకేమవుతారు?"

"తెలిసినదాన్ని."

"పోన్లెండి, ఒక్కరైనా వచ్చారు. నా అన్నవాళ్ళు లేరు పాపం. ఒక్క తమ్ముడుండేవాడట, వాడూ ముప్పై ఏళ్ళ కిందటే పోయాడు."

"ఈయన... ఏం పని చేసేవారు?"

ఇంటావిడ తడి దుప్పటి దులిపి తీగ మీద వేసింది.

"ఇక్కడే, ధాన్యం ధరల ఆఫీసులో. ఏం విత్తుకోవాలో రైతులకు వారం వారం ఒక కాయితం పంపుతారే, పదకొండేళ్ళు అది రాసింది ఈయనేనమ్మా. అది నమ్మి పొలమంతా ఒకటే పంట వేసి, కొనే దిక్కులేక ప్రాణం తీసుకున్నవాడే ఆ తమ్ముడు."