ఇంట్లోనే ఉండేది

"మీ భార్య ఏం చేసేవారండీ?" అని అడిగింది ఇన్సూరెన్స్ కంపెనీ లాయరు.

"ఏమీ చేసేది కాదు. ఇంట్లోనే ఉండేది," అన్నాడాయన.

అలవాటుగా నోట్లోంచి జారిపోయిన మాట. పెళ్లయిన ఇరవై ఆరేళ్లలో ఎవరు అడిగినా అదే చెప్పాడు. బోనులో నిలబడి అన్నాక గానీ అది ఎలా వినిపిస్తుందో తెలిసిరాలేదు. వెనక బెంచీలో కూర్చున్న కూతురు తల దించుకుంది.

అసలు ఈ కేసు వేయడమే ఆయనకి ఇష్టం లేదు. భార్య మందుల షాపు నుంచి నడిచి వస్తుంటే మలుపు దగ్గర లారీ గుద్దేసింది. ఆసుపత్రికి చేర్చేలోపే ప్రాణం పోయింది. తప్పు లారీదేనని పోలీసులు తేల్చారు. లారీకి ఇన్సూరెన్స్ ఉంది గనక నష్టపరిహారం ఆ కంపెనీయే ఇవ్వాలి. అందులో పేచీ లేదు. ఎంత ఇవ్వాలన్న దగ్గరే పేచీ.

బంధువులంతా కేసు వెయ్యమన్నారు. ఆయన ఆ కోర్టు మెట్లు ఎక్కలేనన్నాడు. ఎందుకని గట్టిగా అడిగితే మాట దాటేశాడు. బాధలో ఉన్నాడులే అని వాళ్లూ వదిలేశారు. కూతురు మాత్రం వదల్లేదు.

"డబ్బు నాకొద్దు నాన్నా. అమ్మ చేసిన పనికి ఒక విలువ ఉందని ఎక్కడో ఒకచోట, ఒక్క కాగితం మీదైనా రాసి ఉండాలి."

ఆ మాట మీదే వచ్చాడు.

కంపెనీ లాయరు ముప్పై దాటని అమ్మాయి. ఆయన మొహం వైపు చూడకుండా, బల్ల వైపు చూస్తూ అడుగుతోంది. ఆవిడకి ఉద్యోగం ఏమైనా ఉండేదా అంది. లేదన్నాడు. పోనీ కుట్టుపనో చేసి, పిల్లలకి ట్యూషన్లో చెప్పి నాలుగు డబ్బులు తెచ్చేదా అంది. తెచ్చేది కాదన్నాడు. ఆవిడ పోయాక మీ సంపాదన తగ్గిందా అంది. తగ్గలేదన్నాడు.

అన్నీ నిజాలే. ఒక్కో నిజం చెప్పేకొద్దీ భార్య ఇంకొంచెం చెరిగిపోతున్నట్టనిపించింది.

"ఇప్పుడు ఇంటిపనికి మనిషిని పెట్టుకున్నారా?"

"పెట్టుకున్నాం."

"నెలకి ఎంత ఇస్తున్నారు?"

చెప్పాడు. గుమాస్తా రాసుకున్నాడు.

"అయితే ఆవిడ పోవడం వల్ల మీకు నెలనెలా జరుగుతున్న నష్టం అంతే కదండీ?"

ఇక్కడ అవుననకూడదని ఆయనకి తెలుసు. అవునంటే కేసు అక్కడితో సరి. కాదు అన్న రెండక్షరాలు చాలు. ఆ రెండక్షరాలకీ నోరు పెగల్లేదు. చొక్కా చెమటకి వీపుకి అంటుకుపోయింది. జడ్జి రాస్తున్నది ఆపి, కుర్చీ వేయించమంటారా అని అడిగారు. ఆయన వద్దన్నాడు.

"అంతేననుకున్నానండీ, నేను కూడా."

ఆయన తరఫు లాయరు తల పట్టుకున్నాడు.

ఆయన ఆగలేదు. ఆవిడ పోయిన మొదటి వారంలో ఓ పొద్దున కాఫీపొడి కోసం వంటిల్లంతా తిరగేశానని, చివరికి ఉప్పు అని రాసున్న డబ్బాలో దొరికిందని చెప్పాడు. కాఫీపొడి అందులోనే ఉంటుందని ఇంటిల్లిపాదికీ తెలుసట, ఇంటి యజమానికి తప్ప. ఎవరో కిసుక్కుమన్నారు. ఆయనా నవ్వబోయాడు గానీ కుదరలేదు.

"మా అమ్మ నాలుగేళ్లుగా మంచం మీదే ఉంది," అన్నాడు. "ఒంటి మీద ఒక్క పుండు ఉండేది కాదు. అదృష్టవంతురాలు అనుకునేవాణ్ణి. మా ఆవిడ పోయిన రెండు వారాలకే వీపంతా పుళ్లు పడ్డాయి. డాక్టరొచ్చి చూసి, ఇన్నాళ్లూ ఈవిడని రెండు గంటలకోసారి పక్కకి తిప్పింది ఎవరని అడిగాడు. నాకు తెలియదన్నాను. అలాంటి పని ఒకటి మా ఇంట్లో జరుగుతోందనే నాకు తెలియదు."

ఆ తర్వాత తల్లినే అడిగానన్నాడు. కోడలే తిప్పేదిరా, నీకు నిద్ర చెడుతుందని దీపం కూడా వేసేది కాదు అందట ఆవిడ.

లాయరమ్మాయి ఇంకేదో అడగడానికి లేచి, అడక్కుండానే కూర్చుండిపోయింది. జడ్జి ఆయన్ని దిగమన్నారు.

బయట వరండాలో కూతురు మంచినీళ్ల సీసా మూత తీసి అందించింది. కేసు పాడుచేశానేమో తల్లీ అన్నాడాయన. కేసు సంగతి కాదంది కూతురు.

"ఆ మొదటి మాట అనకుండా ఉండాల్సింది నాన్నా."

"ఇవాళ ఒక్కరోజే కాదమ్మా," అన్నాడు.

ఇంతలో లాయరమ్మాయి వచ్చి ఆయన ఎదురుగా నిలబడింది. ఆయన తలెత్తలేదు. కూతురు మొహం పక్కకి తిప్పుకుంది. ఆ అమ్మాయి గొంతు బాగా తగ్గించి అంది.

"తప్పుగా అనుకోకండి సార్, మీరు ఈ కంపెనీ లాయరుగా ఉన్నన్నాళ్లూ, భార్యని పోగొట్టుకుని వచ్చినవాళ్లందరినీ అడగమని మాకు నేర్పిన ప్రశ్నలే అడిగాను."