రెండో ముఖం

చంద్రకళ ఆటో నడపబట్టి ఆరేళ్లు. డ్యూటీ మధ్యలో యాప్ అప్పుడప్పుడూ ఆమె ఫోటో అడుగుతుంది. ముఖం సరిపోతేనే తర్వాతి సవారీ ఇస్తుంది. ఆ రాత్రి నగరం శివార్లలో సర్జాపుర దాటాక, అపార్ట్‌మెంట్ల గేటు దగ్గర ప్రయాణికుణ్ణి దించి చీకటి రోడ్డుమీదికి మళ్లగానే యాప్ ఫోటో అడిగింది.

ఆటో ఆపి ఫోటో తీసుకుంది.

'రెండు ముఖాలున్నాయి. ఒక్కరే ఉండాలి' అని తెరమీద వచ్చింది.

వెనక్కి తిరిగి చూసింది. సీటు ఖాళీ. ఫోన్ తుడిచి, లైటు వేసి, ఐదుసార్లు తీసింది. ఐదుసార్లూ అదే మాట. ఇంకొక్కసారి తప్పితే ఖాతా మూసేస్తామని హెచ్చరిక. ఒళ్లు మండి సహాయ కేంద్రానికి ఫోన్ చేసింది.

"ఫోటోలో మీరొక్కరే ఉన్నారు మేడం," అంది అటునుంచి ఒకమ్మాయి.

"అయితే సరి చెయ్యమ్మా!"

"నా చేతిలో లేదు మేడం. సిస్టమ్ ఇద్దరంటే ఇద్దరే."

"నీకు కండ్లుండాయి కదమ్మా! నువ్వు చూసింది లెక్కలోకి రాదా?"

లైను తెగిపోయింది. చుట్టూ కీచురాయి చప్పుడు కూడా లేదు. ఏడుపూ కోపమూ కలిసొచ్చి, చంద్రకళ ఖాళీ సీటు మీద అరిచింది.

"ఎవురప్పా నువ్వు? దిగిపో! నా కడుపు కొట్టొద్దు!"

ఆటో వెనకభాగం కిర్రుమంది. బరువైన మనిషి దిగినట్టు మెల్లగా పైకి లేచింది.

ఏడోసారి ఫోటో తీసింది. 'ఒక్కరే ఉన్నారు. ధన్యవాదాలు.'

మరుక్షణమే ఫోన్ మోగింది. కొత్త సవారీ. 'ఎక్కే చోటు: మీరున్న చోటే.'