పెద్ద గేటు తాళం

తాళంచెవి సగం సూపరింటెండెంటు చేతికొచ్చింది. మిగతా సగం జైలు పెద్ద గేటు తాళంలోనే ఉండిపోయింది.

గేటుకు అవతల అంబులెన్సు కుయ్యోమంటోంది. ఇవతల స్ట్రెచర్ మీద హెడ్ వార్డరు గుండె పట్టుకుని మెలికలు తిరుగుతున్నాడు.

"వెల్డింగు మనిషి బయల్దేరాడు సార్. అరగంట పడుతుందట," అన్నాడు కాపలావాడు.

"అరగంటా? ఈయన పది నిమిషాలు కూడా ఆగేలా లేరు!" జైలు నర్సు అరిచింది.

సూపరింటెండెంటుకు ముచ్చెమటలు పోశాయి. ఈ జైలుకొచ్చి నెల తిరగలేదు.

"అయ్యా, నన్నోసారి చూడమంటారా?"

తోటపని చేస్తున్న ఖైదీల్లోంచి ఓ బక్కమనిషి చేతుల మట్టి దులుపుకుంటూ ముందుకొచ్చాడు. ఊళ్లో తాళాలన్నీ అతనికి చుట్టాలే. ఆ చుట్టరికానికే ఏడేళ్లు పడ్డాయి.

"దొంగ చేత జైలు తాళం తీయించానంటే నా ఉద్యోగం ఉంటుందా?"

"ఉద్యోగం పోతే ఇంకోటి దొరుకుతుంది సార్. మనిషి దొరకడు!" నర్సు జడలోంచి పిన్ను లాగి ఖైదీ చేతిలో పెట్టేసింది.

సూపరింటెండెంటు కళ్లు మూసుకుని తలూపాడు. కాపలావాళ్లు తుపాకులు ఎక్కుపెట్టారు. ఖైదీ గేటుకు చెవి ఆనించి పిన్ను లోపలికి దూర్చాడు.

"కానీ అన్నా, కానీ!" ఖైదీలు గోల పెట్టారు.

"నోళ్లు ముయ్యండ్రా! అది ఏమంటోందో నాకు వినబడద్దూ?"

జైలంతా చప్పున చల్లారింది. విరిగిన ముక్క ఠంగుమని కింద పడింది. ఒక నిమిషం. రెండు. మూడు. టక్!

గేటు బార్లా తెరుచుకుంది. ఈలలు, కేకలు మిన్నంటాయి. నలుగురు ఖైదీలు స్ట్రెచర్ ఎత్తుకుని ఉరికారు. ఎదురుగా రోడ్డు రమ్మంటున్నా, రోగిని అంబులెన్సులోకి చేర్చడం తప్ప ఒక్కడూ అటు అడుగు వెయ్యలేదు. సూపరింటెండెంటు కళ్లు చెమర్చాయి.

"శభాష్‌రా!" అంటూ బక్కమనిషిని అమాంతం కౌగిలించుకున్నాడు. "నీ శిక్ష తగ్గించమని ఇవాళే పైకి రాస్తాను!"

అంబులెన్సులోంచి హెడ్ వార్డరు ముక్కు మీది గొట్టం పక్కకు జరిపి, నీరసంగా కసిరాడు.

"ఇంతసేపేంట్రా? ఆదివారాలు ఇంటికెళ్లొచ్చేటప్పుడు అరనిమిషంలో తీసేవాడివిగా!"